పట్టు రవికెకు డియోడరెంట్ మరక: సోడా వద్దు, ఇస్త్రీ అసలే వద్దు



ఈ వారం గూళ్ల ధరలు, చాకీ సంగతులు కాస్త పక్కన పెడుతున్నాం. పెళ్లిళ్ల కాలం కదా, గ్రూపులో ఒకే రకం ఫోటోలు వరసగా వస్తున్నాయి. పట్టు రవికె చంక కింద తెల్లటి చారలు, కొన్నిటికి పసుప్పచ్చ మరక, కొన్నిటికి ఆ చోట గుడ్డ అట్టలాగా బిగుసుకుపోయింది. ఇద్దరు అన్నలు పట్టు చొక్కాల ఫోటోలు కూడా పెట్టారు. అందరూ అడిగేది ఒకటే: "ఇది డియోడరెంట్ వల్లేనా? ఎట్లా పోతుంది?"

డియోడరెంటూ ఉంది, చెమటా ఉంది. చాలావరకు పోతుంది కూడా. కానీ తొందరపడి చేసే పనులే మరక కంటే ఎక్కువ నష్టం చేస్తాయి. ఇది వేరేవాళ్ల మీద పెట్టి చెప్పడం లేదు, మా ఇంట్లో జరిగిందే.

రెండేళ్ల కింద మా ఇంట్లో ఒక నిశ్చితార్థం. ఆవపువ్వు రంగు పట్టు రవికె, కొత్తది. తొందరలో రోలాన్ పూసుకుని, అది ఆరకముందే రవికె వేసుకున్నారు. సాయంత్రానికి చంక కింద తెల్లగా పేరుకుంది. మరుసటి రోజు మేమేం చేశామంటే, పంచెలకు వేసినట్టే వేడినీళ్లలో బట్టల సోడా కలిపి, బ్రష్‌తో రుద్ది, తడి మీదే ఇస్త్రీ పెట్టేశాం. తెలుపు పోయింది. దాని చోట గోధుమరంగు నీడ ఒకటి నిలిచిపోయింది, మెరుపు చచ్చిపోయింది. ఆ తర్వాత ఇంకో ఫంక్షన్‌లో చెయ్యి పైకెత్తగానే అక్కడే సర్రున చినిగింది. ఏడాదికి ఎన్నో పంటలు తీసే ఇంట్లో, ఒక్క పట్టు గుడ్డను కాపాడుకోలేకపోయాం.

ఎందుకట్లా అయ్యిందో తర్వాత ఒక్కొక్కటీ విడదీసి చూసుకుంటే, అందులో మనకు తెలియని విషయం దాదాపు ఏమీ లేదు. గూడు తెలిసినవాళ్లకు గుడ్డ కూడా తెలిసినట్టే.

గూటిలో ఉండే పోగు నిజానికి రెండు పోగులు. పురుగుకు పట్టు గ్రంథులు రెండు కదా, ఒక్కోదాని నుంచి ఒక్కో సన్నపోగు వస్తుంది. దాని పేరు ఫైబ్రాయిన్. ఆ రెంటినీ కలిపి పట్టుకునే జిగురు సెరిసిన్. ముడి పట్టు బరువులో దాదాపు నాలుగో వంతు ఈ జిగురే. రీలింగ్ దగ్గర వేడినీళ్లలో గూళ్లు వేస్తే కొస ఎందుకు దొరుకుతుంది? ఆ జిగురు మెత్తబడుతుంది కాబట్టి. తర్వాత రంగు వేసేముందు, సబ్బూ సోడా కలిపిన వేడినీళ్లలో ఉడికించి మిగతా జిగురంతా తీసేస్తారు. అప్పుడే పట్టుకు ఆ మెరుపు, ఆ మెత్తదనం. ఈ పని చేసేవాళ్లను అడగండి, సోడా ఒక పిడికెడు ఎక్కువైనా, ఇంకాసేపు ఎక్కువ ఉడికినా జిగురుతో ఆగదు, పోగే దెబ్బతింటుంది అంటారు.

ఇప్పుడు మేం చేసింది చూడండి. వేడినీళ్లు, సోడా, రాపిడి. జిగురు తీసే పనే మళ్లీ చేశాం. తీయడానికి జిగురు ఏదీ? ఎప్పుడో పోయింది. కాబట్టి ఆ సోడా నేరుగా పోగు మీదే పడింది.

పట్టు మాంసకృత్తు, అంటే ప్రొటీన్. మన వెంట్రుకలాంటిదే. నూలు గుడ్డ అట్లా కాదు, అది చెట్టు నుంచి వచ్చిన పీచు. నూలు సోడాకు తట్టుకుంటుంది, ఉడకబెట్టినా తట్టుకుంటుంది. పట్టుకు ఆ ఓర్పు లేదు. కొద్దిపాటి పులుపును ఓర్చుకుంటుంది గానీ క్షారాన్ని ఓర్చుకోదు. ఈ ఒక్క తేడా గుర్తుంటే సగం తప్పులు జరగవు.

ఇక డియోడరెంట్ సంగతి. అంగట్లో అన్నిటినీ డియో అనే అంటాం గానీ అవి రెండు రకాలు. ఒకటి వాసన మాత్రమే అణిచేది. స్ప్రే అయితే అందులో ఎక్కువ భాగం గ్యాసు, ఆల్కహాలు, సెంటు. రెండోది చెమటనే ఆపేది. రోలాన్లలో, కడ్డీల్లో చాలావరకు ఈ రకమే. డబ్బా వెనక అల్యూమినియం అనే మాట కనపడితే అదే అనుకోండి. ఆ అల్యూమినియం లవణాలు చెమట రంధ్రాల్లో అడ్డుగా కూర్చుంటాయి. కడ్డీ రకంలో మైనం, నూనెలు కూడా ఉంటాయి.

పటిక కూడా అల్యూమినియం లవణమే. ఆకులతో, వేళ్లతో సహజ రంగులు వేసేవాళ్లు పట్టును ముందుగా పటిక నీళ్లలో ఎందుకు నానబెడతారు? అల్యూమినియం పోగుకు అంటుకుని, రంగును వదలకుండా పట్టుకుంటుంది కాబట్టి. చంక కింద జరిగేది కూడా అలాంటిదే, కాకపోతే మనం కోరని చోట, మనం కోరని రంగు. చెమటలోని కొవ్వూ ఉప్పూ ఈ అల్యూమినియంతో కలిసి పోగును పట్టుకుని పసుప్పచ్చగా తేలతాయి. అందుకే ఆ మరక ఉత్త నీళ్లకు పోదు. దాని మీద ఇస్త్రీపెట్టె పెడితే ఇక కాల్చి అతికించినట్టే.

చెమట గురించి ఇంకొక మాట. అప్పుడే పట్టిన చెమటలో కాస్త పులుపు గుణం ఉంటుంది. గుడ్డలో రెండు మూడు రోజులు ఉండిపోతే సూక్ష్మజీవులు దాన్ని కుళ్లబెడతాయి, అప్పుడది క్షారం వైపు తిరుగుతుంది. పట్టుకు పడనిది అదే. పెళ్లి నుంచి రాగానే రవికె మడిచి బీరువాలో పెట్టి, ఉగాదికి తీసేవాళ్లు ఈ మాట రెండుసార్లు చదవండి.

మరక ఏ రకమో చూసుకుని పని మొదలుపెట్టాలి. దానికంటే ముందు అది అసలు పట్టేనా అన్నది చూడాలి. కుట్టుమడత లోపలి నుంచి నాలుగు పోగులు లాగి వెలిగించండి. పట్టయితే వెంట్రుక కాలిన వాసన వస్తుంది, నలిపితే పొడి అవుతుంది. పాలిస్టరు అయితే కరిగి గట్టి పూసలా అవుతుంది. పాలిస్టరుకు ఇంత జాగ్రత్త అక్కర్లేదు, మామూలుగా ఉతుక్కోవచ్చు.

పైపైన తెల్లగా పొడిలా ఉన్న చారలు అన్నిటికంటే సులువు. వీటికి నీళ్లే వద్దు. రవికెను చదునుగా పరిచి, శుభ్రమైన పాత నైలాన్ సాక్సు గానీ, మెత్తటి పొడి నూలుగుడ్డ గానీ తీసుకుని, పోగు వెళ్లే దిక్కున మెల్లగా తుడవండి. చాకీ పురుగుల మీద ఈక ఆడించినంత తేలిగ్గా. పది నిమిషాలు పడుతుంది, కానీ పోతుంది. అదే ముందుగా నీళ్లు చల్లారనుకోండి, ఆ పొడి పేస్టులా మారి లోపలికి దిగుతుంది. చాలామంది చేసే మొదటి తప్పు ఇదే.

జిడ్డుగా, మైనంలా ఉంటే దాని మీద మొక్కజొన్న పిండి గానీ వాసన లేని టాల్కం గానీ పలచగా చల్లి రాత్రంతా వదిలేయండి. పిండి నూనెను పీలుస్తుంది. పొద్దున దులిపి, మెత్తటి గుడ్డతో తుడవండి. ఒక్కసారికి పోకపోతే రెండోసారి చల్లండి. గట్టిపడ్డ మైనాన్ని గోటితో గీకొద్దు, పోగు లేస్తుంది.

పసుప్పచ్చ మరకే అసలు పని. దీనికి పులుపు కావాలి, అది కూడా పలచగా. తెల్ల వెనిగర్ ఒక పెద్ద చెంచా, చల్లటి నీళ్లు ఒక పెద్ద గ్లాసు. మొదట పరీక్ష చెయ్యాలి. రవికె లోపలి మడతలో కనపడని చోట ఈ నీళ్లు రెండు చుక్కలు వేసి, తెల్లటి నూలుగుడ్డతో రెండు నిమిషాలు అదిమి పట్టండి. తెల్లగుడ్డకు రంగు అంటితే అక్కడితో ఆపేయండి, ఆ రవికె డ్రైక్లీనింగ్‌కు పోవాల్సిందే. ముదురు ఎరుపు, వంగపండు రంగు, నెమలికంఠం రంగుల దగ్గర ఇది ఎక్కువ చూశాం.

రంగు అంటకపోతే, మరక కింద మడిచిన తెల్ల తువ్వాలు పెట్టి, రవికె లోపలి వైపు నుంచి వెనిగర్ నీళ్లను గుడ్డతో అద్దండి. అద్దాలి, రుద్దకూడదు. మరక కింది తువ్వాల్లోకి దిగాలి. పది పదిహేను నిమిషాలు ఆగి, చల్లటి మామూలు నీళ్లతో అద్ది ఆ వెనిగర్ తీసేయండి. పాత చెమటకు రంగు మారిన చోట కూడా ఈ పులుపు తగిలితే కొన్నిసార్లు రంగు కొంత వెనక్కి వస్తుంది. ప్రతిసారీ రాదు.

ఒక చిక్కుంది. పట్టు మీద ఒక్క చోటే నీళ్లు పడితే అంచున వలయం కడుతుంది. మరక పోయి వలయం మిగిలితే ఏం లాభం? అందుకని ఉతకగలిగిన రవికె అయితే, మరక పని అయ్యాక మొత్తం రవికెను చల్లటి నీళ్లలో ముంచి ఒకేలా తడపండి. ఆ నీళ్లలో పట్టుకూ ఉన్నికీ అని రాసి అమ్మే ద్రవ సబ్బు కొద్దిగా, లేకపోతే కుంకుడు రసం.

కుంకుడు గురించి చెప్పకుండా ఉండలేం. మన ముసలమ్మలు పట్టుచీరలకు ఇదే వాడేవాళ్లు, కారణం తెలిసినా తెలియకపోయినా సరైన పనే చేశారు. కుంకుడు నురుగులో సోడా ఉండదు, దానికి కాస్త పులుపు గుణమే ఉంటుంది. చింతామణి వైపు అంగట్లో అంటువాళకాయ అని అడగండి, హోసూరు వైపు పూందికొట్టై అంటే ఇస్తారు. గింజలు తీసి, వేడినీళ్లలో నానబెట్టి, పిసికి, పలచటి గుడ్డలో రెండుసార్లు వడకట్టి, పూర్తిగా చల్లారాక వాడండి. దానికి గోధుమరంగు ఉంటుంది కాబట్టి తెలుపు, మీగడ రంగు, లేత గులాబీ పట్టుకు మాత్రం వద్దు. వాటికి ద్రవ సబ్బే మేలు.

మూడు నాలుగు నిమిషాలకు మించి నానబెట్టొద్దు. రెండుసార్లు మంచి నీళ్లలో జాడించండి. మన బోరునీళ్లు గడుసు నీళ్లు కాబట్టి, చివరి జాడింపులో అర బకెట్‌కు ఒక చెంచా వెనిగర్ వేస్తే సబ్బు చారలు పట్టవు, మెరుపు కూడా నిలుస్తుంది. జరీ ఉన్న రవికెకు ఈ వెనిగర్ పని ఏదీ చెయ్యొద్దు. ఇప్పుడు వచ్చే జరీలో చాలావరకు రాగి తీగ ఉంటుంది, పులుపుకు నల్లబడుతుంది, పచ్చబడుతుంది కూడా.

పిండకూడదు. తడిసిన పట్టు పొడి పట్టు కంటే బలహీనం. పొడి తువ్వాల్లో పెట్టి చాప చుట్టినట్టు చుట్టి అదమండి, నీళ్లు తువ్వాలే పీలుస్తుంది. నీడన, గాలి ఆడే చోట ఆరబెట్టండి. ఎండలో ఆరితే పట్టు పసుపెక్కుతుంది. తెల్ల పట్టును కిటికీ పక్కన ఉంచినా కొన్నాళ్లకు తెలిసిపోతుంది. ఆరాక వెలుతురులో చూడండి. మరక ఇంకా ఉంటే ఇదే పని మళ్లీ చెయ్యండి. పూర్తిగా పోయిందని నమ్మకం కుదిరాకే ఇస్త్రీ. అది కూడా లోపలి వైపు నుంచి, పైన పలచటి నూలుగుడ్డ వేసి, తక్కువ వేడి మీద.

ఇక చెయ్యకూడనివి. వంటసోడా పేస్టు పెట్టమని వీడియోలు తిరుగుతున్నాయి. నూలు బనియన్లకు బాగానే ఉంటుంది, పట్టుకు అది కూడా క్షారమే. నిమ్మకాయ రుద్ది ఎండలో పెట్టడం అంతకంటే దారుణం, మచ్చ మచ్చగా రంగు పోతుంది. మరకలు తినేస్తుందని చెప్పే ఎంజైమ్ పొడులు కూడా వద్దు. ఆ ఎంజైముల్లో ముఖ్యమైనవి ప్రొటీన్ మరకలను తినేవే. పట్టే ప్రొటీన్ అయినప్పుడు అది దేన్ని తింటుందో ఆలోచించండి.

అన్నిటికంటే ప్రమాదం మన ఇళ్లలో డ్రమ్ముల లెక్కన ఉండే బ్లీచింగ్ పౌడర్. షెడ్డు శుద్ధికి 100 లీటర్ల నీళ్లకు 2 కిలోల బ్లీచింగ్, 300 గ్రాముల సున్నం కలిపి కొడతాం కదా. గోడలకు, స్టాండ్లకు అది మంచిదే. పట్టు మీద పడితే పోగు కరిగిపోతుంది. నమ్మకం లేకపోతే పనికిరాని గూడొకటి ఆ నీళ్లలో వేసి రాత్రికి వదిలేయండి, పొద్దున చూద్దురు. ఇంకోటి, బ్లీచింగ్‌నూ వెనిగర్‌నూ ఎప్పుడూ ఒకే గిన్నెలో, ఒకే బకెట్లో కలపొద్దు. విషవాయువు లేస్తుంది, ఊపిరితిత్తులకు ప్రమాదం. రెండూ ఒకే ఇంట్లో ఉండేది మన ఇళ్లలోనే కాబట్టి ప్రత్యేకంగా చెబుతున్నాం.

మగ్గం పని, పూసలు, లోపల ప్యాడ్లు, అతికించిన కాన్వాస్ ఉన్న రవికెలను నీళ్లలో ముంచొద్దు. పొడి పొడిగా తుడవడం, పిండి చల్లడం వరకు ఇంట్లో చేసుకుని, మిగతాది డ్రైక్లీనింగ్‌కు ఇవ్వండి. ఇచ్చేటప్పుడు ఊరికే కవర్లో పెట్టి ఇచ్చి రావద్దు. "చంక దగ్గర చెమట, డియోడరెంట్ మరక ఉంది, ముందు దాన్ని విడిగా తీసి, ఆ తర్వాత ఇస్త్రీ చెయ్యండి" అని నోటితో చెప్పి, చీటీ మీద రాయించుకోండి. డ్రైక్లీనింగ్ మందు నూనెను, మైనాన్ని తీస్తుంది. చెమట ఉప్పును, అల్యూమినియంను తీయదు, దానికి నీళ్లతో చేసే పని వేరే ఉంటుంది. చెప్పకపోతే మామూలుగా తిప్పి, వేడి ఆవిరి కొట్టి ఇచ్చేస్తారు, మరక అక్కడే కూర్చుంటుంది. ఇట్లా తిరిగొచ్చిన రవికెల ఫోటోలే గ్రూపులో మూడు ఉన్నాయి.

మరక పడకుండా చూసుకోవడం చాలా తేలిక, చెప్పుకోవడానికి కూడా పెద్దగా లేదు. రవికెకు నూలు లైనింగు వేయించండి, కుట్టే ముందు ఆ గుడ్డను ఒకసారి తడిపి ఆరబెట్టాలి. చంక దగ్గర విప్పి ఉతుక్కునే చిన్న నూలు ప్యాడ్లు కుట్టించుకుంటే ఇంకా మంచిది, దర్జీకి చెబితే మిగిలిన లైనింగు ముక్కల్లోనే కుట్టేస్తాడు. డియో పూసుకున్నాక ఐదు పది నిమిషాలు ఆరనిచ్చి అప్పుడు రవికె వేసుకోండి. గుడ్డ మీద స్ప్రే కొట్టొద్దు, ఆల్కహాలుకు కొన్ని రంగులు కదులుతాయి. ఇంటికి రాగానే తిరగేసి, నీడన గాలికి వేలాడదీయండి. చెమట బాగా పట్టి ఉంటే ఆ రాత్రే లోపలి వైపు చల్లటి తడిగుడ్డతో అద్దండి. పడుకునే ముందు ఐదు నిమిషాల పని.

డియో మాట వచ్చింది కాబట్టి ఇంకొకటి. సెంటు, డియో కొట్టుకుని, బీడీ తాగిన చేతులతో పురుగుల షెడ్డులోకి పోయే అలవాటు కుర్రాళ్లలో కనపడుతోంది. ఘాటు వాసనలు, పొగాకు పురుగుకు పడవు. ఫంక్షన్ నుంచి నేరుగా మేత వేయడానికి పోకుండా, స్నానం చేసి, చేతులు కడుక్కుని, షెడ్డు బట్టలు వేసుకుని పోండి. నాలుగో జ్వరం లేచిన పురుగు దగ్గర అసలు ఏమరొద్దు.

మరక పోయినా పోగు పోయి ఉంటే ఎట్లా తెలుస్తుంది? చంక దగ్గర గుడ్డను రెండు వేళ్ల మధ్య పట్టుకుని కొంచెం లాగండి. సన్నటి గీతల్లా పోగులు విడిపోతుంటే, చిటచిటమంటుంటే ఇక దాన్ని ఏ నీళ్లూ బాగు చెయ్యవు. ఉతికి ఇంకా పాడు చేసుకోకుండా దర్జీ దగ్గరికి తీసుకుపోండి. మా ఆవపువ్వు రంగు రవికెకు చివరికి అదే చేశాం. చీరతో వచ్చిన గుడ్డలో మిగిలిన ముక్క దాచి ఉంచడం మంచిదైంది. దర్జీ చంక కింది భాగం కత్తిరించి, ఆ ముక్కతో నాలుగు పలకల అతుకు వేసి, లోపల నూలు లైనింగు పెట్టి ఇచ్చాడు. చెయ్యి కిందికి ఉంటే అతుకు కనపడదు. పోయిన నెల ఒక గృహప్రవేశానికి వేసుకున్నారు, వచ్చి రాగానే తిరగేసి దండెం మీద వేశారు.

ఇంకా ఫోటోలు ఉంటే పగటి వెలుతురులో తీసి పంపండి, ఇస్త్రీ చేశారా లేదా, జరీ ఉందా లేదా కూడా రాయండి. ఆ రెండు తెలిస్తేనే మేం ఏదైనా చెప్పగలం.